రోడ్డు విస్తరణలో మా స్థలం: హద్దు రాయి నుంచి అవార్డు దాకా నా అనుభవం

మా ఇల్లు ఆంధ్రప్రదేశ్‌లోని ఒక చిన్న పురపాలక పట్టణంలో, ప్రధాన రహదారిని ఆనుకుని ఉంది. నాన్నగారు కొన్న స్థలంలో ముందు వైపు రెండు దుకాణపు గదులు, వాటి వెనక మేము ఉండే ఇల్లు. ఆ రహదారిని మాస్టర్ ప్లాన్‌లో 60 అడుగులుగా చూపించారు. విస్తరణ మాట మొదలైనప్పటి నుంచి పరిహారం చేతికందేదాకా జరిగినదంతా ఇక్కడ రాస్తున్నాను. మా వీధిలో నష్టపోయినవారిలో ఎక్కువమందికి ఆస్తి హక్కు ఉందన్న సంగతి తెలుసు. వారు చూపలేకపోయింది తమ హద్దు. పాత రోడ్డు ఎక్కడితో ఆగుతుంది, మన పట్టా స్థలం ఎక్కడ మొదలవుతుంది అన్నది కాగితం మీదా నేల మీదా తేలేదాకా, హక్కు గురించి ఎంత మాట్లాడినా వినేవారు ఉండరు.

మొదట వచ్చింది నోటీసు కాదు, ఎర్ర రంగు గీత. పట్టణ ప్రణాళిక విభాగం సిబ్బంది టేపు పట్టుకుని వచ్చి, తారు రోడ్డు నడిమధ్య నుంచి రెండు వైపులా 30 అడుగులు కొలిచి గోడల మీద గీతలు గీసుకుంటూ వెళ్లిపోయారు. మా ఇంటికి వచ్చేసరికి ఆ గీత దుకాణపు గదులు దాటి, వాటి వెనక గోడ కూడా దాటి, హాలులో రెండు అడుగుల లోపల పడింది. ఆ వెనక గోడ పైకప్పు బరువంతా మోసే గోడ. అది పోతే ముందు గదులతో పాటు ఇల్లే నిలవదు. ఈ కొలతకు ఆధారమేమిటని అడిగితే, ‘అయ్యా, సెంటర్ నుంచి ముప్పై అడుగులు మార్కింగ్ వేయమన్నారు, వేస్తున్నాం. మిగతావి ఆఫీసులో అడగండి’ అని కొలిచే ఆయన మర్యాదగానే చెప్పారు. ఆయన తప్పేమీ లేదు.

ఆ వారంలోనే వార్డు సిబ్బంది ఇంటింటికీ ఒక అంగీకార పత్రం పంచారు. రోడ్డు విస్తరణకు కావలసిన స్థలాన్ని స్వచ్ఛందంగా, ఎలాంటి నగదు పరిహారం కోరకుండా అప్పగిస్తున్నానని, బదులుగా టీడీఆర్ బాండు తీసుకోవడానికి సమ్మతమేనని అందులో ముందే అచ్చయి ఉంది. ఎన్ని చదరపు గజాలు అన్నచోట మాత్రం ఖాళీ గీత. టీడీఆర్ బాండు అంటే, పోయిన స్థలానికి బదులుగా మరోచోట అదనంగా కట్టుకునే హక్కును ఇచ్చే ధ్రువపత్రం. పెద్ద భవనాలు కట్టేవారికి అది పనికొస్తుంది, అవసరమైతే ఇతరులకు అమ్ముకోవచ్చు కూడా. కానీ ముందు భాగం పోగా మిగిలిన చిన్న ఇంటిని బాగుచేసుకోవడానికి వెంటనే డబ్బు కావలసిన కుటుంబానికి ఆ బాండు ఎప్పుడు, ఎంతకు అమ్ముడవుతుందో తెలియదు. అది యజమాని ఇష్టపడి ఎంచుకునే మార్గమే గాని, తీసుకోక తప్పనిది కాదు. పైగా విస్తీర్ణం రాయని కాగితం మీద సంతకం పెడితే, తర్వాత ఆ ఖాళీలో ఎవరు ఏ అంకె రాసినా మనం కాదనలేం.

నేను ఆ పత్రం తీసుకుని, సంతకం చేయకుండా, దానికి బదులుగా కమిషనర్ పేర ఒక ఉత్తరం రాసి ఇన్‌వార్డులో ఇచ్చి, నకలు మీద ముద్ర, తేదీ వేయించుకున్నాను. రోడ్డు విస్తరణకు నేను వ్యతిరేకిని కాననీ, ప్రస్తుత రోడ్డు వెడల్పును రికార్డు ప్రకారం నిర్ధారించి, దానికి మించి నా స్థలం అవసరమైతే చట్టప్రకారం సేకరించమనీ అందులో కోరాను. ఆ మొదటి వాక్యం నేను మనసారా రాసినదే. ఆసుపత్రికి వెళ్లే వాహనాలు ఆ ఇరుకులో ఆగిపోవడం మేము రోజూ చూస్తున్నాం. అయితే రోడ్డు ఊరందరికీ కావలసినప్పుడు దాని ఖర్చు కూడా ఊరందరిదీ కావాలి. దారి పక్కన ఇల్లున్న కొద్దిమంది మీదే ఆ భారమంతా వేయడం న్యాయం కాదు.

రాజ్యాంగంలోని 300ఎ అధికరణం చెప్పేది కూడా ఇంచుమించు ఇదే. 1978లో చేసిన 44వ సవరణతో ఆస్తి హక్కు ప్రాథమిక హక్కుల జాబితా నుంచి తొలగిపోయింది గాని, చట్టం ఇచ్చిన అధికారంతో తప్ప ఎవరి ఆస్తినీ తీసుకోరాదన్న నియమం రాజ్యాంగ హక్కుగా మిగిలింది. మాస్టర్ ప్లాన్‌లో గీత గీసినంత మాత్రాన ఆ గీత లోపలి స్థలం పురపాలక సంఘానిది అయిపోదు. భవిష్యత్తులో రోడ్డు ఎంత ఉండాలో ప్రణాళిక చెబుతుంది. ఆ భూమి చేతులు మారాలంటే యజమాని ఒప్పుకుని ఇవ్వాలి, లేదా భూసేకరణ జరగాలి. మా ఊళ్లో ఎక్కువమంది తడబడింది సరిగ్గా ఇక్కడే. ‘ప్లాన్‌లో ఉందండీ, ఇక మన చేతుల్లో ఏముంది’ అనే మాట ఎంతమంది నోట విన్నానో.

ఇక రికార్డుల సంగతి. మా వార్డు ఒకప్పుడు గ్రామ పంచాయతీలో ఉండేది కాబట్టి, రోడ్డుకు విడిగా సర్వే నంబరు, దానికి ఎఫ్‌ఎంబీ అనే క్షేత్ర కొలతల పటం ఉన్నాయి. ఆ పటం ధ్రువీకృత నకలు, మా సర్వే నంబరు పటం నకలు తీసుకున్నాను. పురపాలక కార్యాలయంలో ఉన్న మాస్టర్ ప్లాన్ భాగం, మార్కింగ్‌కు ఆధారమైన ఉత్తర్వు నకలు కావాలని సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టాను. 2005 నాటి ఆ చట్టం ప్రకారం 30 రోజుల్లో సమాధానం ఇవ్వాలి. ఇవ్వకపోతే పైఅధికారికి అప్పీలు చేసుకోవచ్చు. మాకు ప్లాన్ భాగం వచ్చింది, మార్కింగ్ ఉత్తర్వు మాత్రం ‘అందుబాటులో లేదు’ అని వచ్చింది. ఆ ఒక్క వాక్యమే తర్వాత కోర్టులో మాకు బాగా పనికొచ్చింది.

రోడ్డు పోరంబోకు పటంలో మా ఇంటి ఎదుట వెడల్పు 50 లింకులు అని ఉంది. పాత కొలతల్లో 100 లింకులు ఒక గొలుసు, గొలుసు అంటే 66 అడుగులు. కాబట్టి 50 లింకులంటే 33 అడుగులు. రికార్డులో రోడ్డు 33 అడుగులు, కావలసింది 60 అడుగులు. అంటే 27 అడుగులు కొత్తగా కావాలి, రెండు వైపులా సమానంగా తీసుకుంటే ఒక్కో వైపు 13 అడుగుల 6 అంగుళాలు. మా గోడల మీద పడిన గీత మాత్రం మా హద్దు నుంచి 16 అడుగుల 6 అంగుళాలు లోపలికి ఉంది. ఈ మూడు అడుగుల తేడా ఎక్కడి నుంచి వచ్చిందో మొదట నాకు అంతుపట్టలేదు.

దాన్ని విప్పి చెప్పింది ఎదురింటి పెద్దాయన. ‘అబ్బాయ్, మొదటిసారి తారు వేసినప్పుడు మా వైపు కాలవ ఉండేది. దాన్ని పూడ్చలేక రోడ్డునంతా మీ వైపుకు జరిపి వేశారు. ఇప్పుడు మీరు చూస్తున్న మధ్య అసలు మధ్య కాదు’ అన్నారు. రికార్డు ప్రకారం రోడ్డు మధ్యరేఖ ఒకచోట, తారు మధ్యరేఖ దానికి మూడు అడుగులు మా వైపుగా మరోచోట ఉన్నాయన్నమాట. తారు మధ్య నుంచి 30 అడుగులు కొలిస్తే మా వైపు వారికి పదహారున్నర అడుగులు, ఎదుటి వైపు వారికి పదిన్నర అడుగులు పోతాయి. ఆ మాట తనకు నష్టమని తెలిసి కూడా, ఎదుటి వైపు ఇల్లున్న మనిషి అంత నిజాయతీగా చెప్పినందుకు ఆయనకు నేనెప్పుడూ రుణపడి ఉంటాను.

పెద్దవాళ్ల జ్ఞాపకం ఆఫీసులో సాక్ష్యంగా నిలవదు కాబట్టి, హద్దులు చూపమని సర్వే శాఖకు ఎఫ్-లైన్ దరఖాస్తు చేసి రుసుము కట్టాను. ఇరుగుపొరుగు యజమానులకూ నోటీసులు వెళ్లాయి, పురపాలక సంఘానికి కూడా పంపమని లిఖితపూర్వకంగా కోరాను. సర్వేయరు వచ్చి ముందుగా మా పెరటి మూలనున్న సర్వే రాయిని వెతికించారు. మట్టిలో కూరుకుపోయిన ఆ రాయిని గునపంతో కదపకుండా చుట్టూ తవ్వి బయటపెట్టి, దాని తలపై ఉన్న గుర్తు నుంచి టేపు పట్టారు. మా దస్తావేజులో పడమర నుంచి తూర్పుకు 90 అడుగులు. ఆ 90 అడుగులు దుకాణాల ముందు గోడకు ఒక అడుగు అవతల పూర్తయ్యాయి. అంటే గోడ మా పట్టా స్థలంలోనే, హద్దుకు అడుగు లోపల ఉంది. గోడకు ముందు మూడు అడుగుల వెడల్పున కట్టిన మెట్లలో ఒక అడుగు మా స్థలంలో, రెండు అడుగులు రోడ్డు పోరంబోకులో ఉన్నాయి.

ఆ రెండు అడుగుల మెట్ల విషయంలో నేను వాదించలేదు. ప్రభుత్వ స్థలంలో ఉన్నది తీసేయాల్సిందే, దానికి పరిహారం అడిగే హక్కు మాకు లేదు. కానీ ఆ కొలత వల్ల అసలు విషయం బయటపడింది. ముందు గోడ హద్దుకు అడుగు లోపల, గోడ మందం తొమ్మిది అంగుళాలు, గది లోతు 12 అడుగులు. ఇవి కలిపితే బరువు మోసే వెనక గోడ హద్దు నుంచి 13 అడుగుల 9 అంగుళాల దగ్గర మొదలవుతుంది. సరైన గీత 13 అడుగుల 6 అంగుళాల దగ్గర పడాలి. మూడంటే మూడు అంగుళాల తేడాతో ఆ గోడ, దాని వెనక ఇల్లు నిలుస్తాయి. ఆ రోజు సర్వేయరు స్కెచ్ మీద సంతకాలు చేస్తున్నప్పుడు అమ్మ ఆ గోడను చేత్తో తడిమి చూసుకోవడం నాకు బాగా గుర్తుంది.

అప్పటికి మాకు నోటీసు కూడా వచ్చింది. రోడ్డు స్థలాన్ని ఆక్రమించి కట్టిన నిర్మాణాన్ని ఏడు రోజుల్లో తొలగించాలని, లేకుంటే సంఘమే తొలగించి ఖర్చు వసూలు చేస్తుందని అందులో ఉంది. ఎంత మేర ఆక్రమణ, ఏ సర్వే ప్రకారం అన్న ప్రస్తావనే లేదు. ఎర్ర గీత లోపలిదంతా ఆక్రమణే అన్న భావంతో రాసిన నోటీసు అది. ఆక్రమణ, సేకరణ అనేవి పూర్తిగా వేరువేరు విషయాలు. ఆక్రమణ అంటే ప్రభుత్వ స్థలంలో మనం ఉండటం, దానికి పరిహారం ఉండదు. సేకరణ అంటే మన స్థలంలోకి ప్రభుత్వం రావడం, దానికి పరిహారం ఇచ్చి తీరాలి. రెండింటినీ ఒకే మాటతో కలిపేస్తే పరిహారమే మాయమైపోతుంది. అందుకే గడువు లోపలే జవాబు ఇచ్చాను. రెండు అడుగుల మెట్లు మేమే తొలగిస్తామనీ, మిగిలినది రిజిస్టర్డ్ దస్తావేజు, ప్లాన్ అనుమతి, ఇంటి పన్ను రసీదులు ఉన్న పట్టా స్థలమనీ రాసి, సర్వే స్కెచ్ జతచేశాను.

మా న్యాయవాది ఆ జవాబులో సుప్రీంకోర్టు 2024 నవంబరు 6న ఇచ్చిన తీర్పును ఉదహరించారు. ఉత్తరప్రదేశ్‌లోని మహారాజ్‌గంజ్‌లో 2019లో రోడ్డు విస్తరణ పేరుతో ఒక ఇంటిని సరైన నోటీసు లేకుండా కూల్చిన కేసు అది. యజమానికి మధ్యంతర పరిహారంగా 25 లక్షల రూపాయలు చెల్లించమని కోర్టు ఆదేశించింది. మాకు అంతకంటే ముఖ్యమైనది, విస్తరణకు ముందు అధికారులు అనుసరించవలసిన క్రమాన్ని ఆ తీర్పు స్పష్టంగా నిర్దేశించడం. ముందుగా రికార్డులు, పటాల ప్రకారం ఇప్పుడున్న రోడ్డు వెడల్పు ఎంతో నిర్ధారించాలి. తర్వాత సర్వే చేసి, ఆక్రమణ ఉందో లేదో తేల్చాలి. ఉంటే నోటీసు ఇవ్వాలి, అభ్యంతరం వస్తే కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలి, అభ్యంతరాన్ని తోసిపుచ్చితే తొలగించుకోవడానికి తగిన సమయం ఇవ్వాలి. ఉన్న వెడల్పు చాలకపోతే, కావలసిన అదనపు భూమిని చట్టప్రకారం సేకరించాలి. ఈ తీర్పు ప్రతులను అన్ని రాష్ట్రాల ప్రధాన కార్యదర్శులకు పంపమని కూడా కోర్టు చెప్పింది. మా గుమ్మం ముందు జరిగినది సరిగ్గా దీనికి తలకిందులు. గీత మొదట, నోటీసు తర్వాత, సర్వే మేము డబ్బు కట్టి చేయించుకుంటే.

వారం తర్వాత, అదే నవంబరు 13న వచ్చిన మరో తీర్పు గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే దాన్ని చాలామంది పొరపాటుగా అన్వయించుకుంటున్నారు. నిర్మాణాలు కూల్చే ముందు కనీసం 15 రోజుల నోటీసు ఇవ్వాలని అందులో ఉంది. అయితే రోడ్డు, కాలిబాట వంటి బహిరంగ స్థలాల్లోని అనధికార నిర్మాణాలకు ఆ ఆదేశాలు వర్తించవని కూడా అందులోనే ఉంది. అందుకే నేను మళ్లీ మళ్లీ హద్దు దగ్గరికే వస్తున్నాను. మన నిర్మాణం హద్దుకు ఇటు ఉందా, అటు ఉందా అన్నదాన్ని బట్టి మనకు దక్కే రక్షణే మారిపోతుంది.

జవాబుకు ప్రత్యుత్తరం రాలేదు. పక్క వీధి చివర జేసీబీ పని మొదలుపెట్టింది. అంగీకార పత్రాల మీద సంతకాలు పెట్టినవారి గోడలు ముందు పోయాయి. ఇక ఆగడం మంచిది కాదని, పత్రాలు సరిగా ఉన్న మా వైపు యజమానులం కొందరం కలిసి 226 అధికరణం కింద హైకోర్టులో రిట్ వేశాం. విస్తరణ ఆపమని మేము అడగలేదు. సర్వే చేయకుండా, భూసేకరణ జరపకుండా మా పట్టా స్థలాల్లోకి రావద్దని ఆదేశించమని మాత్రమే అడిగాం. అభ్యర్థన అంత పరిమితంగా ఉండటమే మాకు మేలు చేసిందని నా అభిప్రాయం. యజమానుల సమక్షంలో సర్వే చేసి, ఆక్రమణలు ఉంటే చట్టప్రకారం తొలగించుకోవచ్చనీ, అంతకు మించి స్థలం కావాలంటే సేకరణ ప్రక్రియ పాటించాలనీ, అప్పటిదాకా మమ్మల్ని ఖాళీ చేయించరాదనీ ఉత్తర్వు వచ్చింది. ఉమ్మడి సర్వేలో మధ్యరేఖ సరిదిద్దారు. ఎర్ర గీతను చెరిపి, మూడు అడుగులు ముందుకు జరిపి కొత్త గీత వేశారు. మేము మా మెట్లను తొలగించుకున్నాం.

2014 జనవరి 1 నుంచి అమల్లో ఉన్న 2013 భూసేకరణ చట్టం ప్రకారం ప్రక్రియ ఆ తర్వాత మొదలైంది. సామాజిక ప్రభావ అంచనా ఈ చట్టంలో తొలి మెట్టు. అయితే తెలుగు రాష్ట్రాలు రెండూ సవరణలు చేసుకుని, కొన్ని రకాల ప్రాజెక్టులకు దాని నుంచి మినహాయింపు ఇచ్చే వీలు కల్పించుకున్నాయి. మా విషయంలోనూ ఆ మినహాయింపే వాడారు. సెక్షన్ 11 కింద ప్రాథమిక ప్రకటన వెలువడ్డాక 60 రోజుల్లోగా సెక్షన్ 15 కింద రాతపూర్వకంగా అభ్యంతరాలు చెప్పుకోవచ్చు. నా అభ్యంతరం విస్తరణ మీద కాదు, ప్రకటనలో మా స్థలాన్ని నివాస స్థలంగా మాత్రమే చూపడం మీద. ఆ గదులకు వాణిజ్య పన్ను విధింపు, వ్యాపార అనుమతి పత్రాలు ఉన్నాయని విచారణలో చూపించాను. విచారణ అధికారి ఓపికగా విని, ప్రతులు తీసుకుని, నేను చెప్పింది రికార్డులో రాసుకున్నారు. అభ్యంతరం చెప్పుకునే హక్కు పేరుకే ఉంటుందని చాలామంది హాజరు కావడం మానేస్తారు. అక్కడ నమోదైన మాటే తర్వాత పైస్థాయిలో మనకు ఆధారమవుతుంది. 2024 మే 16న కోల్‌కతా మునిసిపల్ కార్పొరేషన్ కేసులో జస్టిస్ పి.ఎస్. నరసింహ రాసిన సుప్రీంకోర్టు తీర్పు, 300ఎ అధికరణంలో ఇమిడి ఉన్న ఏడు హక్కులను వివరించింది. నోటీసు పొందడం, అభ్యంతరం వినిపించడం, కారణాలతో కూడిన నిర్ణయం, ప్రజా ప్రయోజనానికే సేకరణ, న్యాయమైన పరిహారం, సకాలంలో ప్రక్రియ జరగడం, అది ముగింపుకు చేరడం. పరిహారం ఇచ్చేశాం కదా అని మిగతావి దాటవేయడానికి వీల్లేదని ఆ తీర్పు సారం.

భూమి విలువ లెక్క సెక్షన్ 26 ప్రకారం జరుగుతుంది. రిజిస్ట్రేషన్ శాఖ నిర్ణయించిన విలువ ఒకటి, చుట్టుపక్కల అదే రకం భూములకు గత మూడేళ్లలో జరిగిన అమ్మకాల సగటు మరొకటి. వీటిలో ఎక్కువ ఉన్నదాన్ని తీసుకోవాలి. సగటు కట్టేటప్పుడు అన్ని దస్తావేజులనూ కలిపేయకూడదు, వాటిలో ఎక్కువ ధర పలికిన సగం దస్తావేజులనే లెక్కలోకి తీసుకోవాలి. ఈ చిన్న నియమం తెలియక చాలామంది నష్టపోతారు. అధికారులు తయారుచేసిన అమ్మకాల పట్టికలో లోపలి సందుల్లోని స్థలాలే ఎక్కువగా ఉన్నాయి. నేను రిజిస్ట్రారు కార్యాలయం నుంచి ప్రధాన రహదారి మీది స్థలాల దస్తావేజుల నకళ్లు తెచ్చి, క్లెయిములు కోరుతూ ఇచ్చే సెక్షన్ 21 నోటీసుకు జవాబుగా వేసిన క్లెయిముతో జతచేశాను. వాటిలో కొన్నింటిని తీసుకున్నారు, కొన్నింటిని తీసుకోలేదు. భూమి విలువకు నిర్మాణాల విలువ కలిపి, ఆ మొత్తానికి నూటికి నూరు శాతం సొలేషియం, అంటే బలవంతంగా తీసుకున్నందుకు ఓదార్పుగా ఇచ్చే అదనపు సొమ్ము, ఇవ్వాలి. దానికి తోడు మార్కెట్ విలువ మీద ఏడాదికి 12 శాతం అదనపు మొత్తం కూడా ఉంటుంది. గ్రామీణ ప్రాంతాల్లో భూమి విలువను 1 నుంచి 2 మధ్య గుణకంతో హెచ్చిస్తారు. మాది పట్టణం కాబట్టి గుణకం ఒకటే.

నిర్మాణం లెక్క దగ్గర ఇంకా ఎక్కువ శ్రమపడాల్సి వచ్చింది. ఇంజనీరు తొలి అంచనాలో గీతకు ముందున్న గదుల విస్తీర్ణం మాత్రమే వేశారు. కానీ ముందు గది, హాలు మీద స్లాబు ఒక్కటే. దాన్ని గీత దగ్గర కోయాలంటే ముందు హాలు వైపు ఆసరాలు నిలబెట్టాలి. కోశాక బయటపడే కమ్మీల చివరలను కాంక్రీటుతో మూయాలి. ఇప్పటిదాకా లోపలి గోడగా ఉన్నది ఎండావానా తగిలే బయటి గోడ అవుతుంది కాబట్టి దానికి పూత వేయించాలి, వీధి గుమ్మం కొత్తగా పెట్టాలి, విద్యుత్ మీటరు, నీటి కనెక్షను మార్చాలి. ఒక భాగాన్ని విడదీయడం వల్ల మిగిలిన ఆస్తికి కలిగే నష్టాన్ని కూడా లెక్కించాలని సెక్షన్ 28 చెబుతోంది. ఒక్కో పనికీ విడిగా అంచనా వేయించి సమర్పించాక, సవరించిన నివేదిక వచ్చింది. మా పక్కింటివారి పరిస్థితి ఇంకా కష్టం. సరిచేసిన గీత కూడా వారి ఇంటి నడుమ నుంచే వెళ్లింది. ఇంట్లో కొంత భాగమే తీసుకోవడం యజమానికి సమ్మతం కాకపోతే, మొత్తం ఇంటిని సేకరించమని కోరే వీలును సెక్షన్ 94 కల్పిస్తోంది. వారు ఆ దారే ఎంచుకున్నారు.

మా గదుల్లో ఒకదాంట్లో అద్దెకున్న దర్జీ గురించి కూడా చెప్పాలి. ఆయన ఆ స్థలానికి యజమాని కాదు. కానీ సేకరణకు ముందు మూడేళ్లుగా అక్కడే పనిచేస్తూ, ఆ పనే ప్రధాన జీవనాధారమైనవారిని ఈ చట్టం బాధిత కుటుంబాలుగా గుర్తిస్తుంది. అద్దె రసీదులు, కరెంటు బిల్లులు, అనుమతి పత్రం జతచేసి ఆయన చేత విడిగా క్లెయిము వేయించాం. యజమానులు తమ కాగితాల హడావిడిలో అద్దెదారుల సంగతి మరచిపోవడం న్యాయం కాదు.

అవార్డు, అంటే పరిహారం ఎంతో నిర్ణయించే కలెక్టరు ఉత్తర్వు, వచ్చాక అందులోని భూమి ధర నాకు సమ్మతం కాలేదు. డబ్బు తీసుకోకపోతేనే అభ్యంతరం నిలుస్తుందని మా వీధిలో ఒక నమ్మకం ఉంది, అది నిజం కాదు. నిరసనతో స్వీకరిస్తున్నానని రాసి డబ్బు తీసుకోవచ్చు. ఆ మాట రాయకుండా తీసుకుంటే మాత్రం అవార్డును అంగీకరించినట్టే. రసీదు మీద ఆ వాక్యం నా చేత్తో రాసి సంతకం చేశాను. ధర పెంపు కోసం సెక్షన్ 64 కింద కలెక్టరుకు దరఖాస్తు పెట్టుకోవాలి. అవార్డు సమయంలో హాజరైనవారికి దానికి ఆరు వారాలే గడువు. అలాగే ఈ చట్టం కింద వచ్చిన అవార్డు మొత్తానికి సెక్షన్ 96 ఆదాయపు పన్ను మినహాయింపు ఇస్తోంది. మా చెల్లింపులో పన్ను కోత వేయబోతే, కేంద్ర ప్రత్యక్ష పన్నుల బోర్డు 2016లో ఇచ్చిన 36వ నంబరు సర్క్యులర్ చూపి ఆపించాను.

పూర్తి పరిహారం చెల్లించాకే స్వాధీనం తీసుకోవాలని సెక్షన్ 38 చెబుతోంది. డబ్బు ఖాతాలో పడ్డాకే పంచనామా రాయించి, కొలతలు అందులో వేయించి గదులు అప్పగించాను. స్లాబు కోతను మేమే అనుభవమున్న మేస్త్రీ చేత చేయించుకున్నాం, జేసీబీని గోడ దగ్గరికి రానివ్వలేదు.

జాతీయ రహదారుల పక్కన ఉన్నవారికి ప్రక్రియ కొంత వేరు. అక్కడ 1956 నాటి జాతీయ రహదారుల చట్టం వర్తిస్తుంది, భూమి సేకరించే ఉద్దేశాన్ని తెలిపే 3ఎ ప్రకటన వచ్చాక అభ్యంతరాలకు 21 రోజులే గడువు ఉంటుంది. ఎప్పుడో ఏళ్ల కిందట కాగితమే లేకుండా స్థలం పోయినవారు కూడా ఆశ వదులుకోనక్కర లేదు. 1967–68లో తన భూమిలో సేకరణ జరపకుండానే రోడ్డు వేసిన కేసులో, హిమాచల్ ప్రదేశ్‌కు చెందిన ఒక వృద్ధ మహిళకు 2020 జనవరిలో సుప్రీంకోర్టు పరిహారం ఇప్పించింది. ఆలస్యమైందన్న సాకును గాని, చాలాకాలంగా తన అనుభవంలో ఉందన్న ప్రభుత్వ వాదనను గాని ఒప్పుకోలేదు.

మా ధర పెంపు దరఖాస్తు ఇంకా విచారణలో ఉంది. ఈలోగా పోయిన భాగాన్ని సబ్‌డివిజన్ చేసి రోడ్డు కింద చూపమని, మిగిలిన విస్తీర్ణాన్ని మా పేర సరిగా నమోదు చేయమని సర్వే శాఖలో దరఖాస్తు ఇచ్చాను. ఇంటి పన్ను పాత విస్తీర్ణం మీదే వస్తుంటే పంచనామా నకలు పెట్టి సవరింపు కోరాను. పన్ను సవరించారు. సబ్‌డివిజన్ స్కెచ్ వచ్చాక, అందులో రోడ్డు వైపు కొత్త హద్దు 13 అడుగుల 6 అంగుళాల దగ్గరే చూపించారో లేదో టేపుతో మరోసారి సరిచూసుకుని, అప్పుడే సంతకం పెట్టాను.